గాలికనుమ గండి

కామవరపుకోటకి ఉత్తరాన ఎద్దుమూపు కొండల మీద పడ్డ వాన రెండు దారుల్లో పోతుంది. పడమటి వాలున పడ్డది తమ్మిలేరులో కలిసి, ఏలూరు పక్కనుంచి జారి కొల్లేట్లో పడుతుంది. తూర్పు వాలున పడ్డది ఎర్రకాలువలో కలిసి తాడేపల్లిగూడెం వైపు సాగిపోతుంది. రెండు లోయల మధ్య ఆ కొండల వరస పెంకుటింటి నడికొప్పులా నిలబడి ఉంటుంది.

ఆ కొండకింది ఊళ్ళలో సరిహద్దు రాళ్ళని ఎవరూ నమ్మరు. రాయిని ఎవడైనా మోసుకుపోవచ్చు. తగాదా వస్తే పెద్దలు కడవలతో నీళ్ళు మోసుకుని కొండెక్కుతారు. తగాదా పడ్డ చోట కుమ్మరిస్తారు. నీళ్ళు ఎటు పారితే నేల అటువాళ్ళది. దాన్ని కడవ పంచాయితీ అంటారు. దానిమీద ఇక అప్పీలు లేదు.

ఈ ఆచారం సంగతి కనకరాజు చెవిన పడ్డ రోజునే నరసింహమూర్తి చావు ఖాయమైపోయింది.

కనకరాజుకి తాడేపల్లిగూడెంలో రైసు మిల్లు ఉంది. మెత్తని మనిషి. కూలివాణ్ణి తప్ప ఎవర్నీ ‘మీరు’ అనకుండా పిలవడు, ఎవరితోనూ నవ్వకుండా మాట్లాడడు. కొండకి తూర్పున మెరక భూములు చవగ్గా కొన్నాడు. చవగ్గా ఎందుకొచ్చాయంటే వాటికి నీళ్ళు లేవు. నీళ్ళున్నది పైన, గిన్నెలోయలో. శిఖరాల నడుమ గిన్నెలా ఉన్న ఆ లోయలో టేకు, వెదురు, ఏడాది పొడుగునా పారే గాలివాగు. ఆ వాగు గాలికనుమ దాకా వచ్చి, అక్కడ పడమటికి తిరిగి, కిందికి దూకి నరసింహమూర్తి పొలం తడిపేది. పడమటికి పారే వాగు కాబట్టి లోయంతా నరసింహమూర్తిదే.

కనకరాజు కొంటానన్నాడు. నరసింహమూర్తి అమ్మనన్నాడు.

1934 మాఘమాసంలో ఒక సాయంత్రం నరసింహమూర్తి కొండమీదికి వెళ్ళి తిరిగి రాలేదు. మర్నాడు కనుమకి పడమటి పక్క బండల మీద శవమై దొరికాడు. గ్రామ మునసబు సోమలింగం వచ్చి చూసి, కాలుజారి పడ్డాడని రిపోర్టు రాశాడు. పాడె లేచేటప్పుడు అందరికంటే ముందు భుజం పెట్టినవాడు కనకరాజే.

“నా సొంత తమ్ముడు పోయినట్టుందండీ పాపాయమ్మగారూ,” అని కండువాతో కళ్ళు ఒత్తుకున్నాడు.

నరసింహమూర్తి భార్య పాపాయమ్మ అతని మొహంలోకి చూసింది. కండువా పొడిగా ఉంది.

కర్మకాండ పూర్తయ్యేలోపే ఆమె పొలంలో వాగు ఎండిపోయింది.

పాపాయమ్మ కలిదిండి ఆడపడుచు. కొల్లేటి నీళ్ళ మధ్య పుట్టి పెరిగింది. నీళ్ళు ఉన్నట్టుండి మాయమవ్వవని, ఎక్కడికో పోతాయని ఆమెకి తెలుసు. కొండెక్కి చూసింది. గాలివాగు కనుమలోంచి తూర్పుకి పారుతోంది. ఒడ్డున గడ్డి పెళ్ళలు పరిచి ఉన్నాయి. పుట్టినప్పటినుంచీ అటే పారుతున్నట్టుంది.

తిన్నగా తూర్పు వాలు దిగి, కొండకింద ఉన్న క్రైస్తవుల పేటకి వెళ్ళింది. ఆ పేట కూలీలకి పెద్ద దిక్కు కృపమ్మ. ఆమె కొడుకు విశ్వాసం మట్టిపని మేస్త్రీ.

“నీ కొడుకేడే కృపమ్మా?”

“రంగం పోయాడంటండీ. కనకరాజుగారే ఓడ టిక్కెట్టు కొనిచ్చారంట. నాకు చెప్పకుండా సంతకి కూడా పోడండీ నా కొడుకు. సముద్రం దాటేశాడంట!” కృపమ్మ ఉమ్మేసింది. “మీ ఆయనగారు పోయిన మర్నాడేనండీ.”

ఇద్దరాడవాళ్ళూ ఒకరినొకరు చూసుకున్నారు.

విశ్వాసం బర్మా రంగానికి వెళ్ళలేదు. కాకినాడ రేవులో ఓడని చూసి హడలిపోయి, దొంగదారిన వెనక్కి వచ్చి కొల్లేట్లో దాక్కున్నాడు. పాపాయమ్మ తమ్ముడు అబ్బాయిరాజు ఆ కబురు నవ్వుతూ తెచ్చాడు.

“మన పక్క లంకలో ఇళ్ళ దిబ్బలకి మట్టి పోయడానికి ఎవడో మెరక మనిషి వచ్చాడక్కా. పార పట్టాడంటే ఏనుగే. చేపల కూర పెడితే మాత్రం ముల్లు గుచ్చుకుని చంటిపిల్లాడిలా ఏడుస్తున్నాడు.”

పాపాయమ్మ అప్పటికప్పుడు తాటిదోనె ఎక్కింది.

లంక ఒడ్డున ఆమెని చూడగానే విశ్వాసం పార వదిలేసి, నీళ్ళలోనే మోకాళ్ళ మీద కూలబడ్డాడు.

“చూశావా?” అంది పాపాయమ్మ.

“చూశానండి. నేనూ మిల్లు కూలీలూ కనుమ దగ్గర తవ్వుతుంటే అయ్యగారు వచ్చారండి. ‘ఏం చేస్తున్నార్రా’ అని కేకేశారండి. కనకరాజుగారు నవ్వుతూ ఎదురెళ్ళారండి. భుజం మీద చెయ్యేశారండి. ఏదో చెప్పుకుంటూ బండ చివరిదాకా నడిపించుకెళ్ళారండి. ఒక్క తోపేనండి.”

“కోర్టులో చెప్తావా?”

“మీరు చెప్పమంటే చెప్తానండి. ఎవరు నమ్ముతారండీ? వాగు తిప్పిన చేతులు నావి. ముందు నన్నే ఉరి తీస్తారండి.”

అది నిజం. పాపాయమ్మ నీళ్ళకేసి చూస్తూ అడిగింది: “ఎలా తవ్వారు?”

“కనుమలో వాగుకి అడ్డంగా గడపలాంటి రాళ్ళుండేవండి. వాటివల్లే నీళ్ళు పడమటికి తిరిగేవి. ఆ గడప పీకేశామండి. కింద బండ తగల్లేదు, అంతా గుల్లగా ఉండే గరప మట్టే. రాతికట్టు కట్టకపోతే నిలవదండీ బాబూ అన్నాను. ‘ఏలూరు కాలవ తవ్వి ఎన్నేళ్ళయిందిరా, అడుగు లోతయిందా?’ అని నవ్వారండి.”

కనకరాజు పుట్టిందీ పెరిగిందీ డెల్టాలో. అక్కడ నేల చాపలా చదును. నల్లమట్టిలో కాలవ తవ్వితే తవ్వినంతే ఉంటుంది. పైగా ఏటేటా పూడిక తీసుకోవాలి. కొండమీద నీళ్ళు మరో జాతివి. వాలు దొరికితే అవే తవ్వుకుంటాయి.

“పెద్ద వానొస్తే?” అంది పాపాయమ్మ.

“గండి తెగిపోద్దండి. గిన్నెలోయ నీళ్ళన్నీ ఒక్కసారిగా తూర్పుకి ఒలికిపోతాయండి.”

మొగుడు పోయాక పాపాయమ్మ నవ్వడం అదే మొదలు. ఆ నవ్వు చూసి విశ్వాసం భయపడ్డాడు.

“కోర్టూ వద్దు, సాక్ష్యమూ వద్దు,” అందామె. “నా మొగుణ్ణి చంపానని కనకరాజు తన నోటితోనే చెప్పాలి. పదిమందిలో చెప్పాలి. నేను పిలిచినప్పుడు నీ మనుషుల్ని తీసుకునిరా.”

ఆ వేసవిలో కనకరాజే కడవ పంచాయితీ పిలిపించాడు. రెండు వైపుల ఊళ్ళూ కొండెక్కాయి. కనుమలో కడవలు కుమ్మరించారు. నీళ్ళు బుడబుడమంటూ తూర్పుకి పరిగెత్తాయి. పడమటి ఊరివాళ్ళు గొణిగారు. అబ్బాయిరాజు చేతికర్ర బిగించాడు.

“పాపాయమ్మగారూ, మీ ఆక్షేపణ ఏమైనా ఉందాండీ?” అన్నాడు మునసబు సోమలింగం.

“అన్నగారు ఒక్క మాట చెబితే చాలండి,” అంది పాపాయమ్మ వినయంగా. “ఈ వాగు మీద మనిషి చెయ్యి పడిందాండీ?”

కనకరాజు ఖాళీ కడవ మీద అరచెయ్యి ఉంచాడు. “పడలేదమ్మా. భగవంతుడు ఎటు పారించాడో అటే పారుతోంది.”

“అయితే దీని లాభం, నష్టం రెండూ మీవేనన్నమాట.”

“రెండూ నావే. నష్టం మటుకు మీకు పంచుతానా చెల్లెమ్మా!” జనం నవ్వారు.

“అలాగేనండి. లోయ మీరే ఉంచుకోండి.”

కొండ దిగుతూ అబ్బాయిరాజు దారంతా అరిచాడు. “మతిపోయిందా నీకు? బావని చంపి, లోయ మింగినవాడికి దణ్ణం పెట్టి ఇచ్చొస్తావా?”

“ఊరుకో అబ్బాయీ. మింగనియ్యి. గొంతు దాకా మింగనియ్యి.”

కనకరాజు అలాగే మింగాడు. తూర్పు వాలు కింద గాలివాగుకి అడ్డంగా చెరువు కట్టించాడు. చెరువు పక్కన చెరుకు వేశాడు. గట్టుని ఆనుకుని చల్లగాలి కోసం మేడ బంగళా లేపాడు. మిల్లు మీద వచ్చిందంతా ఆ కొండకింద కుమ్మరించాడు. గట్టుకి సరిగ్గా దిగువన కృపమ్మ పేట ఉంది. వాళ్ళ పూరిళ్ళు, తాటాకుల ప్రార్థన గుడి గట్టు నీడలో పడ్డాయి.

పాపాయమ్మ వాన పడినప్పుడల్లా కొండెక్కి గండిలోకి దిగి చూసేది. మొదట మోకాలి లోతు. కార్తీకానికి నడుం లోతు. మరుసటేడు తొలకరికి గండిలో నిలబడితే ఆమె తల ఒడ్డుకి అందలేదు. కనకరాజు ఒక్కసారీ పైకి రాలేదు. కింద చెరువు నిండుతుంటే అతనికి పైకి చూడవలసిన పనేముంది!

ఇక మిగిలింది పేట. అది పాపాయమ్మకి నిద్రపట్టనివ్వని సంగతి. కనకరాజు మునగాలి, కానీ కృపమ్మ మునగకూడదు.

ఆషాఢంలో వెళ్ళి కృపమ్మ అరుగు మీద కూర్చుంది.

“నీ కొడుకు రంగంలో లేడే. కొల్లేట్లో ఉన్నాడు.”

కృపమ్మ చేటలో బియ్యం నేలపాలయ్యాయి. వంగి ఏరుకుంటూ, “చేపలు తింటున్నాడాండీ?” అంది.

“ఏడుస్తూ తింటున్నాడు. మీ పేటంతా ఊడ్పులకి కలిదిండి రావాలి. పశువుల్ని తోలుకురండి. ముసలాళ్ళని కూడా తీసుకురండి.”

“ముసలాళ్ళు ఊడుస్తారాండీ?”

“ఆ చెరువు గట్టు నిలవదు కృపమ్మా.”

కృపమ్మ తలెత్తి గట్టుకేసి చూసింది. గట్టుని ఆనుకున్న బంగళాకేసి చూసింది. “ఇళ్ళో అండీ?”

“ఇళ్ళు కాపాడతానని మాటివ్వలేను. మనుషుల్ని కాపాడతాను.”

ఆ వారమే పేట ఖాళీ అయింది.

ఊడ్పులయ్యాయి. పెద్దవాన రాలేదు. పాపాయమ్మ అందర్నీ కలుపుతీతకి ఆపింది. శ్రావణం ఎండగా వెళ్ళిపోయింది. కూలీలు ఇంటిమీద బెంగపెట్టుకున్నారు. వినాయక చవితి దాటాక కనకరాజు కారేసుకుని కలిదిండి వచ్చాడు. పాపాయమ్మ చేను గట్టు మీద నిలబడి ఉంది.

“మా పేటని మూటగట్టుకుని ఎత్తుకొచ్చేశారే చెల్లెమ్మా! చెరుకుతోట అడివైపోతోందండి.”

“డెల్టా కూలి రుచి మరిగారండి అన్నగారూ. నేనేం చెయ్యను?”

“నరసింహమూర్తిగారు ఉంటే ఇలా పక్కవాళ్ళ మనుషుల్ని లాక్కోనిచ్చేవారా!” కనకరాజు నిట్టూర్చాడు. “పాపం, ఆయనకి పద్ధతి తెలుసు.”

పాపాయమ్మ గోళ్ళు అరచేతిలో దిగాయి. మొహం మీద నవ్వు మాత్రం చెదరలేదు.

కనకరాజు చేలోకి తిరిగి గొంతు పెంచాడు. “ఏమే కృపమ్మా, సోమవారానికి పేటలో కనపడకపోతే గుడిసెలు పీకించి ఆ జాగాలో చెరుకు వేయిస్తాను. మీ గుడితో సహా.”

“ఆయ్, వచ్చేస్తామండీ బాబూ,” అంది కృపమ్మ నడుమెత్తకుండా. “ఈ మడి ఒక్కటీ కానివ్వండి.”

కారు వెళ్ళాక పాపాయమ్మతో అంది: “ఇక ఆపలేనండి అమ్మగారూ. సోమవారం పోవాల్సిందే. లేకపోతే నిలవడానికి నీడుండదు.”

శనివారం సముద్రం మీంచి ఈదురుగాలి లేచింది. మధ్యాహ్నానికి కొల్లేటి పిట్టలన్నీ లంకల మీదికి చేరిపోయాయి. ఆకాశం ఉత్తరానికి, కొండల మీదికి, నల్లగా కదిలింది. పాపాయమ్మ పేటవాళ్ళెవర్నీ వాన వెలిసేదాకా కదలొద్దని కృపమ్మతో చెప్పి, విశ్వాసాన్ని, అతని మనుషుల్ని వెంటబెట్టుకుని ఏలూరులో బస్సెక్కింది.

ఆదివారమంతా వాన. సోమవారం పొద్దున్నే ఆమె మునసబు ఇంటికి వెళ్ళింది.

“కనుమ దగ్గర సరిహద్దు కొట్టుకుపోతోందండి. మీరు చూడకపోతే రేపు తగాదా నా మీదికొస్తుంది.”

“ఈ వానలోనా అమ్మా?”

“వాన వెలిశాక చూడ్డానికి ఏమీ మిగలదండి.”

సోమలింగం గొణుక్కుంటూ గొంగళి కప్పుకుని బయల్దేరాడు.

గాలికనుమ చేరేసరికి గండి గర్జిస్తోంది. ఎర్రటి నీళ్ళు గరప గోడల్ని కోసుకుంటూ తూర్పుకి దూకుతున్నాయి. గండి వెనక గిన్నెలోయలో నీళ్ళు చెట్ల నడుములదాకా లేచి ఉన్నాయి. ఇంకా తెగనిది గండి నోట్లో ఒక మట్టి దిమ్మ మాత్రమే. అది కొంత నీటిని ఆపుతోంది. కింద, తూర్పున, కనకరాజు చెరువు గట్టు అంచుదాకా నిండి ఉంది.

పాపాయమ్మ తాటాకు గొడుగు కింద బండమీద కూర్చుంది. పక్కన విశ్వాసం మనుషులు, గడ్డపారలు, ఇసక నింపిన గోనెలు.

ఆమె అనుకున్నట్టే కనకరాజు వచ్చాడు. గట్టుకి మన్ను వెయ్యడానికి పేటలో ఒక్క మనిషి లేడు. పైన గండి మూస్తే తప్ప కింద గట్టు దక్కదు. పంచె మోకాళ్ళపైకి ఎగ్గట్టి, బురదలో పాకుతూ పైకొచ్చి, ఆ మనుషుల్ని చూసి ప్రాణం లేచొచ్చినట్టు అరిచాడు.

“మూసెయ్యండ్రా! గోనెలు వెయ్యండి! ఏం చూస్తున్నారు?”

ఎవరూ కదల్లేదు. అప్పుడు విశ్వాసాన్ని గుర్తుపట్టాడు.

“రండి అన్నగారూ. తడిసిపోయారు,” అంది పాపాయమ్మ.

“పాపాయమ్మగారూ... మీ వాళ్ళని ఓ చెయ్యి వెయ్యమనండి. నా సర్వస్వం కిందుందండి.”

“భగవంతుడు పారించిన వాగండి. మనం మూస్తే పాపం కాదూ?”

“నేను తవ్వించాను! సరేనా? గడప ఇక్కడుండేది, నేనే పీకించాను. మూస్తే నీళ్ళు మీ పొలానికే వస్తాయి. లోయ మీకే రాసిస్తాను. మూయించండి!”

సోమలింగం గొంగళి వెనక్కి తోసుకున్నాడు. “మనిషి చెయ్యి పడలేదని కడవ ముట్టుకుని చెప్పారు కదండీ కనకరాజుగారూ?”

కనకరాజు అప్పుడే అతన్ని చూశాడు. కానీ కింద గట్టు మీదినుంచి ఒక నీటి పొర అప్పుడే జారింది. అతని కళ్ళు అక్కడే ఉన్నాయి.

“లోయ నాకక్కర్లేదు,” అంది పాపాయమ్మ. “మా ఆయన ఎలా పోయాడో చెప్పండి. చెబితే మూయిస్తాను.”

“కాలుజారి...”

“మీ మేడ గోడ తడుస్తోందండి.”

కనకరాజు మోకాళ్ళమీద పడ్డాడు. ఏడుపూ అరుపూ కలిసిపోయాయి. “తోశాను! నేనే తోశాను! కోర్టుకెళ్తానన్నాడు. భుజం మీద చెయ్యేసి నడిపించాను, ఆ బండమీంచి తోశాను. విన్నారు కదా! ఇంక మూయించండి!”

“నేను విన్నానండి,” అన్నాడు సోమలింగం నెమ్మదిగా. తను రాసిన రిపోర్టు గుర్తొచ్చిందేమో, అతని మొహం వాడిపోయింది. మునసబు కనకరాజు చేతుల్ని అతని కండువాతోనే కట్టించాడు.

విశ్వాసం గోనె భుజానికెత్తుకున్నాడు. “వేసెయ్యమంటారాండీ?”

పాపాయమ్మ లేచి నిలబడింది. గొడుగు గాలికి వదిలేసింది. ఏడాదిన్నరగా ఆమె కోరుకున్నది ఈ మాటే. ఆ మాట విన్నాక కడుపు చల్లబడుతుందనుకుంది. చల్లబడలేదు. భుజం మీద చెయ్యేసి నడిపించాడు. ఆ నాలుగు అడుగులూ ఆయన ఏమనుకుంటూ నడిచి ఉంటాడు?

“గడ్డపార ఇలా ఇవ్వు,” అంది.

“మూస్తామని మాటిచ్చారండి అమ్మగారూ.”

“ఇచ్చాను.”

“కింద మా అమ్మ ఇల్లుందండి. మా గుడుందండి.”

“ఉన్నాయి. నేను కట్టిస్తాను. నువ్వు చెయ్యెయ్యకు విశ్వాసం. ఇది నా పని.”

ఆమె గడ్డపార లాక్కుని గండి ఒడ్డుకి దిగింది. మట్టి దిమ్మలో పొడిచింది. కనకరాజు కేకలు పెడుతున్నాడు. సోమలింగం “అమ్మా, అమ్మా” అంటున్నాడు కానీ దగ్గరికి రాలేదు. మళ్ళీ పొడిచింది. మళ్ళీ పొడిచింది. దిమ్మ అడుగున చిన్న నీటి జాలు పడింది. విశ్వాసం గోనె విసిరేసి, ఒక్క గెంతులో వచ్చి ఆమెని రెక్కపట్టి పైకి లాగాడు. ఆ క్షణంలోనే ఒడ్డు కూలింది.

గిన్నెలోయ తూర్పుకి ఒలికింది.

చెరువు గట్టు నడిమధ్య విరిగింది. బంగళా కాసేపు నీళ్ళలో దీపస్తంభంలా నిలబడి, వంగి, పడిపోయింది. చెరుకుతోట కనపడకుండా పోయింది. పేట పూరిళ్ళు ఒకదానివెంట ఒకటి లేచి తేలిపోయాయి. ఆ నీరంతా దిగువన ఎర్రకాలువ ఇసుకల్లో విచ్చుకుని, మెల్లగా గూడెం దారి పట్టింది.

పాపాయమ్మ కనకరాజు వెనక నిలబడింది. అతను తల దించుకోబోతే గడ్డం పట్టుకుని ఎత్తింది. “చూడండి అన్నగారూ. లాభం మీరు చూశారు. ఇదీ చూడండి.”

వాన వెలిశాక ఆమె కలిదిండి వెళ్ళింది. కనకరాజు అప్పటికి ఏలూరు సబ్ జైల్లో ఉన్నాడు. కృపమ్మ మోకాలి లోతు బురదలో కలుపు తీస్తోంది. పాపాయమ్మ చెప్పులు విడిచి చేలోకి దిగింది.

“ఇల్లు పోయింది కృపమ్మా. గుడీ పోయింది. ఆపగలిగుండేదాన్ని. ఆపలేదు.”

కృపమ్మ చేతిలో కలుపు అలాగే ఉండిపోయింది. దూరంగా విశ్వాసం తలొంచుకుని నిలబడ్డాడు.

“గుడి పెంకులతో కట్టించాలండి,” అంది కృపమ్మ. “తాటాకులు ఒప్పుకోను.”

“పెంకులతోనే.”

“మా ఇళ్ళు మీ పొలంలో. మెరక మీద.”

“నువ్వు చూపించిన చోట.”

కృపమ్మ కలుపు గట్టు మీదికి విసిరేసి, చేతులు కడుక్కుంది. “ఆ మేడ పడేటప్పుడు వాడు చూశాడాండీ?”

“చూశాడు. తల తిప్పుకోబోతే నేను తిప్పుకోనివ్వలేదు.”

కృపమ్మ గట్టెక్కి కూర్చుని, చీర కుచ్చెళ్ళు పిండుకుంది. చేలో వంగి ఉన్న ఆడవాళ్ళందరికీ వినపడేలా కేకేసింది. “ఒసేయ్, పని ఆపి రండే అందరూ!” అని, పాపాయమ్మకేసి తిరిగింది. “కూర్చోండి అమ్మగారూ. మొదట్నుంచీ చెప్పండి. ఏదీ వదలకండి.”